కాయ పట్టని నాలుగు గుంటలు

టొమాటిల్లో అనే కూరగాయను మీలో చాలామంది చూసి ఉండరు. చూడకపోయినా నష్టమేమీ లేదు. పచ్చి టమాటలాగే ఉంటుంది, కాకపోతే కాయ చుట్టూ పలచని కాగితంలాంటి బుడ్డ ఉంటుంది. మన చేలల్లో కలుపుగా మొలిచే బుడ్డకాశ మొక్కను చూసినవాళ్ళకు దాని పెద్దక్క అని చెబితే సరిపోతుంది. ఎక్కడో మెక్సికోలో దాన్ని పచ్చడి నూరుకుంటారట. ఆ కూరగాయ ఒక వానాకాలమంతా నాకు అన్నం సయించకుండా చేసింది. కొత్తగా వ్యవసాయశాఖలో చేరిన ఆడపిల్లలు వచ్చి, మీ రోజుల్లో ఎట్లా ఉండేది మేడం అని అడిగితే, నేను బాగా చేసిన పనులు ఏవైనా చెబుదామనే చూస్తాను. నోటికి మాత్రం ఇదే ముందు వస్తుంది.

మాది జనగామ. అరవై తొమ్మిదిలో తెలంగాణ ఉద్యమం లేచినప్పుడు నేను వరంగల్లులో చదువుకుంటున్నాను. కాలేజీలు మూతపడ్డాయి, ఆ ఏడు చదువు పోయింది. తర్వాత చదువు ముగించి, రెండేళ్ళు ఇంట్లో కూర్చుని, చివరికి గ్రామసేవిక ఉద్యోగం తెచ్చుకున్నాను. అదీ తాత్కాలికమే. పై అధికారి ఏడాది చివర మంచి మాట రాస్తే ఉంటుంది, లేకపోతే పోతుంది. తొర్రూరులో ఒక గది అద్దెకు తీసుకుని, చుట్టుపక్కల ఊళ్ళకు బస్సులోనూ కాలినడకనూ తిరిగేదాన్ని. ఆడవాళ్ళకు పెరటి తోటలు, పొగలేని పొయ్యిలు, పిల్లల తిండి గురించి చెప్పడం నా పని.

మా పై అధికారి కోస్తా వైపు నుంచి వచ్చినవాడు. పని తెలిసినవాడే. కానీ నెలవారీ మీటింగులో నేను లేచి “గిది మంచిగ మొలిచింది సార్” అంటే, “గిది అంటే ఏదమ్మా?” అని అడిగి అందరినీ నవ్వించేవాడు. నేనూ నవ్వేదాన్ని. తాత్కాలిక ఉద్యోగంలో ఉన్నవాళ్ళు ఎక్కువగా నవ్వుతారు.

ఆ ఏడు ఎండలు తగ్గేముందు ఆయన నా చేతిలో నాలుగు కాగితపు పొట్లాలు పెట్టాడు. ఒక కూరగాయల పరిశోధన క్షేత్రం నుంచి వచ్చాయి. పొట్లాల మీద ఒకటి, రెండు, మూడు, నాలుగు అని అంకెలున్నాయి. నాలుగూ టొమాటిల్లో రకాలే.

“వానాకాలంలో మన టమాట నిలవదు కదా. పూత రాలుతుంది, కాయ కుళ్ళుతుంది. ఈ ఉక్కలో, ఈ తేమలో వీటిలో ఏది నిలుస్తుందో చూసి చెప్పు. నిలిచినదాన్ని పట్టుకో, మిగతావి వదిలెయ్” అన్నాడు.

ఆ చివరి మాట నాకు బాగా నచ్చింది. పరీక్షలో ప్రశ్న సులువుగా వచ్చినట్టనిపించింది.

తొర్రూరు నుంచి కురవి వైపు పోయే దారిలో ఒక ఊళ్ళో నా మాట వినే ఇల్లాలు ఒకామె ఉండేది. ముప్పై అయిదేళ్ళు ఉంటాయి. భర్త బండి తోలుకుని ఊళ్ళు తిరిగేవాడు, సేద్యమంతా ఈమెదే. నేను అక్కా అనేదాన్ని, ఆమె నన్ను చెల్లె అనేది. వాళ్ళ బావి దగ్గర నారుమడి పోయడానికి చోటిచ్చింది. ఆమె అత్త ఒక ముసలామె, రోజంతా బావి దగ్గరే ఉండేది. మొలకలు రెండాకులు వేయగానే వంగి చూసి, “బుడ్డకాశ గింజలు గవర్మెంటు పంపుతాందా బిడ్డా? నేను నాలుగు దినాలకోపారి పీకి పారేస్త గీటిని” అంది. అందరం నవ్వాం.

మృగశిర కార్తెలో మొదలైన వాన పది రోజులు తెరిపి ఇవ్వలేదు. ఒకటో పొట్లం నారంతా మొదలు మెత్తబడి ఒక్క వారంలో నేలకు ఒరిగింది. రెండోది నిలబడింది కానీ ఆకుల మీద నల్లమచ్చలు లేచి, జులై నడిమికల్లా పుల్లలు మిగిలాయి. మూడోది ఊదారంగు కాడతో, పొట్టిగా, ఏదో జ్వరం పడి లేచినట్టు ఉండేది. నాలుగోదాంట్లో మూడు మొక్కలే బతికితే, రెండింటిని మేక కొరికేసింది. మిగిలిన ఆ ఒక్కటి మాత్రం వానను తాగి పెరిగినట్టు పెరిగింది. మొదలు బొటనవేలంత లావు. ఆకు మీద మచ్చ లేదు. వాన ఎంత పడితే అంత కొమ్మ వేసేది.

నాకు కావలసింది దొరికింది. మూడో రకం నారును నా చేత్తోనే పీకి కంచె మీద పారేశాను.

నాలుగో రకం గింజలు ఇక లేవు. అయితే కొమ్మ తుంచి తడి మట్టిలో గుచ్చితే వారం పది రోజుల్లో వేరు పోస్తుందని చూశాను. ఆ కొమ్మలను పెంచి, వాటి నుంచి మళ్ళీ కొమ్మలు తుంచి, ఆగస్టు చివరికి మూడు వందలకు కొంచెం తక్కువ మొక్కలు తయారు చేశాను. ఇంత తెలివి నాకు ఎక్కడి నుంచి వచ్చిందా అని నాకే ముచ్చటగా ఉండేది. మీటింగులో చెబితే పై అధికారి మొదటిసారి నా యాస ఎత్తకుండా, “భేష్. దాన్నే పెంచు. అక్టోబరులో నేనొచ్చి చూస్తాను” అన్నాడు.

మొక్కలు పెట్టడానికి అక్క తన బావి పక్కన నాలుగు గుంటలు, అంటే ఎకరంలో పదో వంతు నేల, ఇచ్చింది. అది ఆమె మిరప వేసే మడి. అప్పటికి మిరప నారు కూడా సిద్ధంగా ఉంది.

“మరి మిరపకాయ అక్కా?” అని అడిగాను.

“ఒక్క ఏడు ఆగుతది తియ్యి. నువ్వు ఊకె జెప్తవా?” అంది. తన మిరప నారును పక్క చేనువాళ్ళకు ఇచ్చేసింది. ఇచ్చిన నారు తిరిగి రాదు. ఆ మాట అప్పుడు నాకు తట్టలేదు.

సెప్టెంబరు నడిమికి మడి పసుపుపచ్చగా అయింది. ఒక్కో మొక్కకు చిన్న చిన్న పసుపు పూలు, లోపల నల్లని చుక్కలు. పొద్దున పోతే తేనెటీగల రొద వినిపించేది. ఊళ్ళో ఆడవాళ్ళు చూడడానికి వచ్చేవాళ్ళు. నేను అటూ ఇటూ నడుస్తూ అందరికీ చెప్పేదాన్ని, ఇంకో పదిహేను రోజుల్లో కాయ వస్తుందని.

పదిహేను రోజులు అయ్యాయి. పూలు రాలుతున్నాయి, కొత్త పూలు పూస్తున్నాయి. వాన వల్ల రాలాయనుకున్నాను. వాన ఆగాక కూడా రాలాయి. నీళ్ళు తగ్గించమన్నాను. తర్వాత పెంచమన్నాను. బూడిద చల్లించాను. అక్క నేను చెప్పినదల్లా చేసింది, ఒక్కసారి కూడా ఎందుకని అడగలేదు. అడిగితే బాగుండుననిపించేది. పొద్దున మడిలోకి వెళ్ళగానే కింద రాలిన పూలను కాలితో మట్టిలోకి తొక్కేదాన్ని, ఆమె వచ్చేలోపు.

అక్టోబరు మొదటి వారంలో కొన్ని మొక్కలకు బుడ్డలు కనిపించాయి. ప్రాణం లేచి వచ్చింది. పరుగున వెళ్ళి ఒకదాన్ని వేళ్ళతో పట్టుకున్నాను. మెత్తగా అణిగిపోయింది. లోపల ఏమీ లేదు. ఇంకొకటి పట్టుకున్నాను. అదీ గాలే. ఆ వరుస చివరిదాకా పట్టి చూశాను.

అప్పటికి అధికారి వచ్చే రోజు ఖాయమైంది. నాలుగు రోజులే ఉన్నాయి.

మా బ్లాకులో ఒక పెద్ద గ్రామసేవకుడు ఉండేవాడు. ఉద్యోగంలో పదిహేనేళ్ళు గడిచినవాడు. నేను అన్నా అని పిలిచేదాన్ని. తొర్రూరు బస్టాండు పక్క హోటల్లో ఆయన ఎదురుగా కూర్చుని అంతా చెప్పాను. ఆయన చాయ్ సాసర్‌లో పోసుకుని చల్లార్చుకుంటూ విన్నాడు.

“బుడ్డలైతె ఉన్నయి గద?” అన్నాడు.

“ఉన్నయి అన్నా. లోపట ఖాళీ.”

“మంచిదాయె. ఆ సారు జీపు దిగడు చెల్లె. వానకాలం అసలే దిగడు, బూట్లకు బురద అంటుతదని. ఒడ్డు మీద జీపుల కూసునే చూస్తడు, బుడ్డలు కనవడ్తయి, కాసినయి అనుకుంటడు. రాసుకుంటడు. పోతడు. నీ నౌకరి ఉంటది. తర్వాత వానకు కుళ్ళినయి అని మనం రాసుకోవచ్చు.”

“అక్కకు ఏం జెప్పాలె?”

ఆయన సాసర్ కింద పెట్టాడు. “ఆమెకు ఎట్లైనా చెప్పేదే గద. జర తర్వాత జెప్పు” అన్నాడు.

ఆయన చెడ్డవాడు కాడు. నన్ను కాపాడాలనే అన్నాడు. నిజం చెప్పాలంటే నేను ఆ మాటకు ఒప్పుకున్నాను. ఇంటి నుంచి నాయిన ఉత్తరం వచ్చి ఉంది, తమ్ముడి ఫీజు గురించి. ఆ మూడు రోజులు నేను అక్క వాళ్ళ ఊరికి పోలేదు. జ్వరమని కబురు చేశాను.

అధికారి వచ్చిన రోజు పొద్దున తుంపర పడుతోంది. జీపు బావి దగ్గరి దాకా వచ్చింది. అన్న ముందు సీటు పక్కన నిలబడి గొడుగు పట్టాడు. అక్క, ఆమె అత్త, ఊళ్ళో పది మంది ఆడవాళ్ళు ఒడ్డు మీద ఉన్నారు. అన్న చెప్పినట్టే అధికారి దిగలేదు. కూర్చునే మడి వైపు చూశాడు. తడిసిన మొక్కల మీద బుడ్డలు వేలాడుతూ దీపాల్లా మెరుస్తున్నాయి. నాలుగు గుంటల నిండా ఉన్నాయి.

“బాగా కాసిందే” అన్నాడు. జేబులోంచి చిన్న పుస్తకం తీశాడు. “వచ్చే ఏడు పది ఊళ్ళకు ఇద్దాం. ఈ ఒక్క రకమే, ఈ పద్ధతిలోనే. ఇరవై మంది రైతుల చేత వేయిద్దాం.”

నేను ఒక్క మడికే లెక్క చూసుకుని అబద్ధానికి సిద్ధపడ్డాను. పది ఊళ్ళ మాట నా ఆలోచనలో లేదు. పది ఊళ్ళలో ఇరవై మంది అక్కలు మిరప నారు పక్కవాళ్ళకు ఇచ్చేసి, పొద్దున లేచి రాలిన పూలు చూసుకుంటారు. అక్క నా వైపు చూస్తోంది. ఆమె మొహంలో కోపం లేదు. నేను ఏం చెబుతానో చూద్దామన్నట్టు ఉంది.

నేను మడిలోకి దిగి ఒక బుడ్డ తెంపుకుని జీపు దగ్గరికి వచ్చాను. ఆయన ముందు చించాను.

“కాయ లేదు సార్. ఒక్కదాంట్ల గూడ లేదు. గీ బుడ్డలన్నీ ఖాళీనే.”

నా నోట ‘గీ’ వచ్చింది. ఎవరూ నవ్వలేదు. అన్న గొడుగును చేయి మార్చుకుని ఎటో చూశాడు.

అధికారి బూట్లు విప్పాడు. ప్యాంటు పైకి మడిచి బురదలోకి దిగాడు. వరుస వెంట నడుస్తూ తనే బుడ్డలు నొక్కి చూశాడు. తిరిగి వచ్చేసరికి ఆయన మొహం గట్టిపడి ఉంది.

“ఎన్నాళ్ళ నుంచి తెలుసు నీకు?”

“వారం నుంచి సార్.”

“పీకించెయ్. అంతా పీకించెయ్. ఇంకా నీళ్ళెందుకు దండగ?”

అప్పుడు అక్క నోరు తెరిచింది. “జర ఆగుండ్రి సారు. గా బర్ల కొట్టం దిక్కు చెట్లకు కాయ ఉన్నది. నిన్ననే జూసిన. చెల్లెకు జెప్దామంటె జరమొచ్చిందన్నరు.”

ఆ మాటకు నేను తల వంచుకున్నాను.

మడికి ఆ చివర గేదెల కొట్టం ఉంది. దాని గోడ పక్కన రెండు పొట్టి మొక్కలు ఉన్నాయి. కాడ ఊదారంగు. నేను పీకి కంచె మీద పారేసిన మూడో రకం. వాటి బుడ్డలు బిగుతుగా ఉన్నాయి, నొక్కితే గట్టిగా తగిలాయి. వాటికి దగ్గరగా ఉన్న మా నాలుగో రకం మొక్కలకూ, రెండు మూడు వరుసల దాకా, బుడ్డల్లో కాయ ఉంది. దూరం పోయినకొద్దీ తగ్గి, తర్వాత అసలే లేదు.

“ఇవి ఎవరు పెట్టిన్రు?” అని అడిగాను.

ముసలామె ముందుకు వచ్చింది. “నేనే వెట్టిన బిడ్డా. కంచె మీద పడి గూడ చావలె. పానమున్నదాన్ని ఎట్ల పారేస్తమని గుచ్చిన.”

“పేడ నీళ్ళ బలం” అన్నాడు అధికారి.

“పేడ నీళ్ళు గీ మూడో వరుస దాక రావు సారు” అంది అక్క.

ముసలామె రెండు రకాల మొక్కలనూ మార్చి మార్చి చూసింది. “తాళ్ళల్ల పోతుతాడు ఉంటది గద. అది దగ్గర్ల లేకుంటె కాసే తాడు గూడ కాయది. గిది గూడ అసొంటిదేనేమొ. జత గావాలెనేమొ” అంది.

అధికారి నవ్వాడు. “అవ్వా, ఇవి తాటిచెట్లు కాదు. ఒకే పువ్వులో రెండూ ఉంటాయి” అన్నాడు. పుస్తకంలో చదివిన చదువు నాది కూడా అదే. కానీ కళ్ళ ముందు కాయలున్న వరుసలు మూడే ఉన్నాయి. నేను పదిహేను రోజులు గడువు అడిగాను. ఆయన “నీ ఇష్టం. నేను రాయాల్సింది రాస్తాను” అని జీపెక్కాడు.

మర్నాటి నుంచి పొద్దున్నే ఊదారంగు మొక్కల పూలు తెంపి, దూరపు వరుసల పూలకు ఒక్కొక్కటిగా రాశాను. అక్క ఒక వరుస, నేను ఒక వరుస. ముసలామె ఒడ్డు మీద కూర్చుని ఎన్ని వదిలేశామో చెప్పేది. ఊదారంగు మొక్కల కొమ్మలు తుంచి మడి నడుమ అక్కడక్కడా గుచ్చాను కూడా. ఆ రోజుల్లో నాకు తిండి మీద ధ్యాస లేదు. బస్సు దిగగానే చేతివేళ్ళు వాటంతటవే బుడ్డను నొక్కినట్టు కదిలేవి. ఎనిమిదో రోజున ఏమీ లేదు. పదో రోజున అక్క కేకేసింది. వెళ్ళి ఆమె చూపించిన బుడ్డను పట్టుకున్నాను. లోపల సెనగ గింజంత గట్టిగా తగిలింది. పక్కదాంట్లోనూ ఉంది. ఆమె కొంగుతో మొహం తుడుచుకుని తర్వాతి వరుసలోకి పోయింది.

అంతా బాగైపోయిందని చెప్పలేను. నవంబరు నెలాఖరున తుఫాను వాన మూడు రోజులు కొట్టింది. బుడ్డల్లో నీళ్ళు నిలిచి సగం కాయలు పగిలాయి, మిగిలినవాటిలో బూజు పట్టింది. చేతికి వచ్చినవి నాలుగైదు గంపలు. పచ్చడి నూరి చూశారు. పులుపు బాగుంది, కానీ కాయకు బంక ఉంటుంది, రెండుసార్లు కడగాలి. ఊళ్ళో ఆడవాళ్ళు, చింతపండు ఉండగా గీ తిప్పలెందుకు అన్నారు. అన్నదాంట్లో తప్పు లేదు.

ఆ తర్వాత పరిశోధన క్షేత్రానికి అంతా వివరంగా రాశాను. చాలా రోజులకు జవాబు వచ్చింది. ఈ మొక్క తన పువ్వుకు తన పుప్పొడిని ఒప్పుకోదు, వేరే మొక్కది కావాలి, కాబట్టి ఎప్పుడూ ఒకటికి మించి మొక్కలు గింజల నుంచే పెంచాలి అని రాశారు. కొమ్మలు తుంచి నేను చేసినవి మూడు వందల మొక్కలని అనుకున్నాను. నిజానికి ఒక్క మొక్కే మూడు వందల చోట్ల నిలబడి ఉంది. మేలైనదాన్ని ఎంచి, తక్కువదాన్ని పారేయడమే ఎంపిక అనుకున్నదాన్ని. వానకు ఏది ఓర్చుకుంటుందో చూశాను కానీ, దాని పక్కన ఏది ఉండాలో చూడలేదు. ఆ ఉత్తరాన్ని అధికారికి చూపించాను. చదివి, మడిచి, తిరిగి ఇచ్చాడు. అప్పటికే ఆయన ‘సేవిక అజాగ్రత్త వల్ల ప్రయోగం విఫలం’ అని రాసేశాడు. రాసింది మార్చలేదు. ఉద్యోగం తీయించనూ లేదు. ఆ రెంటి మధ్య ఆయన మనసులో ఏం జరిగిందో నాకు ఇప్పటికీ తెలియదు. ఎండాకాలంలో భూపాలపల్లి వైపు బదిలీ చేశారు. ఆ రోజుల్లో అటు అంతా అడవి, వానలు ఎక్కువ, బస్సులు తక్కువ. అందరూ దాన్ని శిక్ష అన్నారు.

వెళ్ళేముందు అక్కకు చెప్పి రావాలి. చెప్పకుండా వెళ్ళిపోదామని రెండు రోజులు అనుకున్నాను. చివరికి వెళ్ళాను. ఆమె అదే నాలుగు గుంటల్లో మట్టి పెళ్ళలు కొడుతోంది.

“అక్కా, నీ మిరప పంట నా వల్ల పోయింది. నాకు తెలిసి గూడ మూడు దినాలు రాలె. జరం రాలేదు నాకు” అన్నాను.

“నాకెర్కనే” అంది, పార ఆపకుండా. “తొర్రూరుల నిన్ను జూసినమని మా ఆయన జెప్పిండు.”

ఆమె ఇంకో నాలుగు పెళ్ళలు కొట్టి, పార మీద చేతులు ఆనించి నిలబడింది.

“జీపు కాడ బుడ్డ చింపకుండ ఉంటె, నిన్ను మళ్ళ గీ బాయి కాడికి రానియ్యకపోదును. చింపినవ్ గద. వానకాలమొస్తాంది. గీ మడిల ఏం బెట్టమంటవ్ చెప్పు.”

అంతవరకు ఏ రైతు ఏది అడిగినా నా దగ్గర జవాబు సిద్ధంగా ఉండేది. ఆ మడి వైపు చూశాను. ముసలామె కొట్టం దగ్గర గడ్డి వేస్తోంది.

“నాకు తెల్వదక్కా” అన్నాను.

ఆమె నా మొహంలోకి చూసి, ఒడ్డు మీద ఉన్న గంపను పక్కకు జరిపింది. “కూసో మరి. అత్తమ్మను గూడ పిలుస్త. ముగ్గురం ఆలోచన జేద్దాం” అంది.

నా బస్సుకు ఇంకా గంట ఉంది. చెప్పులు విప్పి కూర్చున్నాను.